చవితి చంద్రుణ్ణి చూసిన లాలమ్మ

కూర్చోండి, కూర్చోండి. ఇవాళ చవితి. ఎవరూ తల పైకెత్తకండి. ఇది తల దించుకుని వినాల్సిన కథే.

అనగనగా ఒక ఊరు. ఊరికి మూడు గుట్టలు, మూడు గుట్టలకూ ఒకటే చంద్రుడు. ఊరి పేరు సజ్జలగుట్ట. ఎప్పటి మాట అని అడగకండి. మా జేజికి వాళ్ళ జేజి చెప్పింది. అంతకుముందు ఎవరు చెప్పారో గుట్టలకే తెలియాలి.

ఆ ఊళ్ళో చెన్నకేశవస్వామి గుడి ఉండేది, పీర్ల చావిడి ఉండేది. గుడి పూజారి చేతిలో ఉండేది, చావిడి ముజావరు చేతిలో ఉండేది, పండగలు మాత్రం అందరి చేతుల్లో ఉండేవి. పీర్ల పండగకు పెద్ద పీరును ఎత్తుకునేది బోయ తిక్కన్న. మలీద ముద్దలకు బెల్లం పంపేది రెడ్డిగారిల్లు. వినాయక చవితి వస్తే ముజావరు మొహిద్దీన్ సాబు ఇంట్లోనూ కుడుములు ఉడికేవి. పండగలు పంచుకున్నవాళ్ళు భయాలు పంచుకోకుండా ఉంటారా? చవితినాడు చంద్రుణ్ణి చూస్తే నీలాపనింద పడుతుందని, చేయని తప్పు నెత్తికి చుట్టుకుంటుందని పూజారికి ఎంత భయమో, మొహిద్దీన్ సాబుకూ అంతే భయం.

ఆ ఊళ్ళోనే దూదేకుల లాలమ్మ ఉండేది. మొగుడు పోయాక ఆయన విల్లు తానే పట్టింది. మనిషంత పొడుగు విల్లు, దానికి బిగించిన నరం తాడు, తాడును కొట్టడానికి ఒక కొయ్య గుండు. ఎవరి వాకిట్లోనైనా కూర్చుని, గట్టిపడిన పరుపు విప్పి ఏకడం మొదలుపెడితే, టుంయ్ టుంయ్ టుంయ్ అని వీధి చివరిదాకా వినపడేది. పొద్దు గూకేసరికి జుట్టు నిండా, కనుబొమల నిండా దూదే. "లాలమ్మా, ఇది దూదా, ముసలితనమా?" అని జనం ఆటపట్టించేవాళ్ళు.

ఆమె ఏకిన దూది మూడు చోట్లకు పోయేది. గుడి దీపంలో వత్తి అయ్యేది. పెళ్ళివారింట పరుపు అయ్యేది. సాయిబుల ఇళ్ళలో ఎవరైనా పోతే, అత్తరులో ముంచి వాళ్ళ ముక్కులో పెట్టేదీ ఆ దూదే. లాలమ్మ ఇంట్లో పీర్లకు ఊదు వేసేవాళ్ళు, వినాయకుడికి కుడుములూ పెట్టేవాళ్ళు. పనిలేనివాడు ఎవడో ఒకడు అడిగేవాడు.

"లాలమ్మా, నువ్వు ఆ తట్టా, ఈ తట్టా?"

"దూదిది ఏ తట్టు నాయనా? నాదీ అదే తట్టు" అనేది లాలమ్మ. టుంయ్ టుంయ్ అని పనిలో పడేది.

ఇట్లా ఉండగా ఒక యేడు పీర్ల పండగ, వినాయక చవితి ఒకే నెలలో వచ్చాయి. చంద్రుడి లెక్కలో అప్పుడప్పుడు అట్లా వస్తాయి.

పీర్లను పెట్టెలోంచి తియ్యాలంటే ముందు చావిడి ముందర నిప్పుల గుండం తవ్వడానికి గుద్దలి వెయ్యాలి. గుద్దలి వెయ్యాలంటే ముందు నెలవంక కనపడాలి. ఆ ఊళ్ళో కట్టుబాటు గట్టిది. పంచాంగం చెబితే చెల్లదు. పక్క ఊరివాళ్ళు చెబితే చెల్లదు. ఊరి మనిషి కంటితో చూడాలి, చావిడి మెట్టెక్కి "నేను చూసినా" అని నోటితో చెప్పాలి.

పాడ్యమి సాయంత్రం ఊరంతా చావిడి ముందు చేరింది. మబ్బు. చంద్రుడు కనపడలేదు. విదియ సాయంత్రం చేరింది. మబ్బు. కనపడలేదు. తదియ సాయంత్రం చేరింది. మళ్ళీ మబ్బే. కురవదు, కదలదు. ఇంకొక్క రోజు దాటితే పండగకు రోజులు చాలవు. చుట్టుపక్కల మూడూళ్ళ పీర్లు ఆఖరి రోజు ఊరి బయట వంక నీళ్ళ దగ్గర కలుసుకుంటాయి. సజ్జలగుట్ట పీరు మాత్రం ఆ యేడు పెట్టెలోనే పడుకోవాలి. ఎన్ని ఇళ్ళలో మొక్కులున్నాయో, అన్ని ఇళ్ళలో గుబులు పట్టుకుంది.

నాలుగో రోజు చవితి. సాయంత్రం ఊరంతా చేరింది. పడమటి నుంచి గాలి లేచింది. మబ్బు చీలింది.

మబ్బు చీలడమే ఆలస్యం, ఊరంతా ఒక్కసారిగా తల దించేసింది. పెద్దా చిన్నా అందరూ ఎవరి కాలివేళ్ళు వాళ్ళే చూసుకుంటున్నారు. పైన చంద్రుడు ఉన్నాడు. చూసే దిక్కు లేదు.

"సాబూ, నువ్వు చూడు. నీ చావిడి కదా" అన్నాడు పూజారి శేషాచార్లు, నేలతో మాట్లాడుతున్నట్టు.

"నా వల్ల కాదు సామీ. మా అబ్బ ఒక చవితికి చూసినాడు. తెల్లారేసరికి ఎవరివో గొడ్లు పోతే ఎనుముల దొంగ అన్నారు. సచ్చేదాకా ఆ మాట పోలేదు. పోనీ మీరు చూడండి" అన్నాడు మొహిద్దీన్ సాబు.

"ఇప్పుడే ఇంటింటికీ పోయి చూడొద్దని కథ చదివొచ్చినా. నేనే చూస్తే నా కథ ఎవరు వింటారు? తిక్కన్నా, నువ్వు చూడు."

"నింద పడినోడు పీరును ఎత్తుకోవచ్చునా సామీ?" అన్నాడు తిక్కన్న.

ముగ్గురూ నిజమే చెప్పారు. ముగ్గురి మాటా న్యాయంగానే ఉంది. ఈలోగా మబ్బు మళ్ళీ కమ్ముకొస్తోంది.

అప్పుడు వెనక నుంచి లాలమ్మ వచ్చింది. దూది దులుపుకుంటూ జనాన్ని దాటుకుని చావిడి మెట్టెక్కింది. ఆమెకూ భయమే. పొద్దున కుడుములు పెట్టిన చేతులే ఆమెవీ. నాలుగిళ్ళ వాకిళ్ళలోకి పోయి బతికే మనిషికి మంచిపేరు తప్ప వేరే ఆస్తి ఏముంది? దొంగ అంటే ఏ వాకిలి తెరుచుకుంటుంది? ఇదంతా ఆమెకు తెలుసు. తెలిసే తల ఎత్తింది.

"నేను చూసినా. నాలుగునాళ్ళ చంద్రుడు, సన్నగా, ఎడంపక్క గుట్ట మీద ఉండాడు. గుద్దలి వెయ్యండి" అంది.

గుద్దలి పడింది. తప్పెట్లు మోగాయి. పీర్లు పెట్టెలోంచి బయటికొచ్చాయి. ఆ సందట్లో లాలమ్మ ఎప్పుడు ఇంటికి పోయిందో ఎవరూ గమనించలేదు.

తెల్లారింది. రెడ్డిగారి భార్య ఓబుళమ్మ ముక్కెర పోయింది. ఎర్రరాయి ముక్కెర, పుట్టింటివాళ్ళు పెట్టింది. ముందురోజు పొద్దున జలుబు చేసి, ముక్కు మండుతోందని తీసింది. అప్పుడు వాకిట్లో దిండ్లు ఏకుతున్నది లాలమ్మ. ఆమె దగ్గర చిటికెడు దూది అడిగి తీసుకుని, అందులో ముక్కెర చుట్టి, వెనకగోడ గూట్లో పెట్టింది ఓబుళమ్మ. ఇప్పుడు గూట్లో ముక్కెరా లేదు, దూదీ లేదు.

ఓబుళమ్మ నేరుగా లాలమ్మ ఇంటికొచ్చింది. వెనక సగం ఊరు వచ్చింది.

"నిన్న మా ఇంట్లో నువ్వు తప్ప పరాయి మనిషి ఎవరుండారు? ఇచ్చేయ్, ఏమీ అనను" అంది.

"నేను తీయలేదు రెడ్డమ్మా."

"మరి ఎవరు తీసినారు?"

లాలమ్మ ఇట్లా అంది. "అమ్మా, నువ్వే చెప్పు. నిన్న చవితి చంద్రుణ్ణి చూసింది నేనే. చూసినోళ్ళ మీద పడేది నీలాపనింద. నీలాపనింద అంటే చెయ్యని తప్పే గదా. మరి నామీద పడింది నిజమెట్లయితాది?"

చూశారా, ఎంత సూటిగా ఉందో. చదువుకున్న శేషాచార్లుకు తట్టాల్సిన మాట అది. జవాబు దొరకనివాళ్ళకు కోపం దొరుకుతుంది.

"దూది ఏకినట్టే మాటలూ ఏకుతావే. ఇంక మా గడప తొక్కొద్దు" అంది ఓబుళమ్మ.

లాలమ్మ జనం వైపు చూసింది. శేషాచార్లు ఉన్నాడు, మొహిద్దీన్ సాబు ఉన్నాడు, తిక్కన్న ఉన్నాడు. నిన్న చంద్రుణ్ణి చూడకుండా దించిన తలలే, ఇవాళ లాలమ్మను చూడకుండా దించారు. నాకైతే ఇప్పటికీ ఇక్కడే మనసు కలుక్కుమంటుంది.

మూడిళ్ళు మూసుకున్నాయి. రెడ్డిగారిల్లు మూసుకుంది. పూజారి ఇంటివాళ్ళు వత్తులకు దూది వద్దన్నారు. మొహిద్దీన్ సాబు భార్య కూడా, విప్పి పెట్టిన పరుపును మళ్ళీ కుట్టేసుకుంది. ఆ మూడూ చూసి ఊరంతా మూసుకుంది. విల్లు గోడకు వేలాడింది. వీధిలో టుంయ్ టుంయ్ అన్న చప్పుడు ఆగిపోయింది. ఊరికి ఏదో వెలితిగా ఉంది గానీ, ఏమిటో ఎవరూ పైకి అనలేదు.

పండగ ఆఖరి రోజు వచ్చింది. పెద్ద పీరు ఊరేగింపుకు బయల్దేరింది. ప్రతి గడప దగ్గరా ఆడవాళ్ళు బిందె నీళ్ళు తెచ్చి, పీరును ఎత్తుకున్న తిక్కన్న కాళ్ళ మీద పోసి మొక్కుతున్నారు. లాలమ్మ గడప వచ్చింది. తలుపు వేసి ఉంది. తన నీళ్ళు ఎవరికి కావాలని ఆమె లోపలే ఉండిపోయింది.

తిక్కన్న ఆ గడప ముందు నిలబడ్డాడు. తప్పెట్లవాళ్ళు కొట్టారు, కదల్లేదు. మొహిద్దీన్ సాబు పిలిచాడు, కదల్లేదు. వెనక నుంచి జనం తోశారు, కదల్లేదు. కాసేపటికి తలుపు తెరుచుకుంది. లాలమ్మ బిందె తెచ్చి తిక్కన్న కాళ్ళ మీద నీళ్ళు పోసింది. పీరు ముందుకు కదిలింది.

"పీరు నిలబడిందా, నువ్వు నిలబడినావా?" అని తర్వాత ఎవరో అడిగారు తిక్కన్నను.

"కాళ్ళు నావే. నిలబెట్టింది ఎవరో నాకు తెల్దు" అన్నాడు తిక్కన్న.

వంక దగ్గర మూడూళ్ళ పీర్లు కలుసుకున్నాయి. తిరిగొచ్చాక పీర్లను పెట్టెలో పెట్టాలి. రెడ్డిగారింట్లోంచి ఓబుళమ్మ మలీద ముద్దల పళ్ళెం తెచ్చి చావిడి వాకిట్లో నిలబడింది. పూజారి కూడా ఊదు పొడి కోసం వచ్చాడు. మొహిద్దీన్ సాబు ఖాళీ పెట్టె మూత ఎత్తి, లోపల గుడ్డ సర్దబోయి చెయ్యి వెనక్కి లాక్కున్నాడు.

"ఎలుక పెట్టింది గూడు" అన్నాడు.

అందరూ వంగి చూశారు. పెట్టె మూలన తెల్లటి దూది గూడు. గూట్లో కళ్ళు తెరవని ఎలుక పిల్లలు. ఆ దూది లాలమ్మ ఏకిందే. అంత మెత్తగా ఇంకెవరూ ఏకలేరు. పిల్లల మధ్యన ఎర్రరాయి ముక్కెర మెరుస్తోంది.

రెడ్డిగారింటి వెనకగోడ, పీర్ల చావిడి పక్కగోడ, రెండూ ఒకటే గోడ. ఆ సంగతి మనుషులు ఎప్పుడో మరిచిపోయారు. ఎలుకకు గుర్తుంది.

ఓబుళమ్మ పళ్ళెం కింద పెట్టి ముక్కెర తీసుకుంది. అప్పుడు శేషాచార్లు అన్నాడు.

"ఎలుక వినాయకుడిది. పెట్టె పీర్లది. దూది లాలమ్మది. నింద మాత్రం మనది."

అందరూ కలిసి లాలమ్మ ఇంటికి పోయారు. ఈసారి ఎవరూ తల దించలేదు.

"నేను చూడాల్సింది, నువ్వు చూసినావు. నేను మాట్లాడాల్సింది, నేను మాట్లాడలేదు. రెండు తప్పులూ నావే" అన్నాడు మొహిద్దీన్ సాబు.

ఓబుళమ్మ ఆ ఇంటి గడప మీద కూర్చుని ఏడ్చింది. ఎన్నడూ పేరు పెట్టి తప్ప పిలవని మనిషి, "లాలక్కా" అంది. "లాలక్కా, ఏం చేస్తే నీ మనసు కుదురుతాది?"

లాలమ్మ కళ్ళు తుడుచుకుంది. "ఎలుక పిల్లల్ని ఏం చేసినారు?" అని అడిగింది.

"అట్లే ఉండాయి."

"ఉండనీండి. కళ్ళు తెరిచినాక అవే పోతాయి. పీర్ల కింద పరిచేదానికి వేరే దూది ఏకి ఇస్తా."

"నీకేం కావాల అక్కా?"

"నాకేమొద్దు. ఇంకమీద ఎవరైనా పొరపాటున చవితి చంద్రుణ్ణి చూస్తే, లాలమ్మ చూసిందని చెప్పుకోండి. నాకు అలవాటైపోయింది. ఇంకొకరికెందుకు?"

గోడ మీది విల్లు దించింది. ఆ సాయంత్రం సజ్జలగుట్టలో మళ్ళీ టుంయ్ టుంయ్ టుంయ్ అని వినపడింది. ఊరు ఊపిరి పీల్చుకుంది.

లాలమ్మ ఆ తర్వాత చాలా యేండ్లు బతికింది. నిజంగానే జుట్టు నెరిసింది. దూదేదో, వెంట్రుకేదో తెలియనంతగా నెరిసింది. ఆమె పోయిన రోజున ఓబుళమ్మ తన చేత్తో దూది విడదీసి, అత్తరులో ముంచి ఇచ్చింది. గుడిలో దీపానికి లాలమ్మ ఆఖరిగా చేసిన వత్తే వేశారు.

ఇప్పటికీ ఆ ఊళ్ళో ఏ యేడు కొత్త దూది వచ్చినా, తొలి పింజను రెండుగా చీలుస్తారు. సగం వినాయకుడి దీపానికి, సగం పీర్ల పెట్టెలోకి. చవితి కథ అయ్యాక పూజారి అక్షింతలు వేస్తుంటే, పిల్లలూ పెద్దలూ ఒక మాట అంటారు. "చూసిన కన్ను లాలమ్మది, చూడని కన్ను నాది." సాయిబుల ఇళ్ళలోనూ అదే మాట అంటారు.

ఇంకొక మాట కూడా ఉంది. ఇంట్లో ఉంగరమో, కమ్మో, గిన్నో కనపడకపోతే, ఎవరి పేరైనా నోటిదాకా వస్తే, ఆ ఇంట్లో పెద్దామె వెంటనే అడ్డుపడుతుంది. "ముందు ఎలుక బొక్క చూడు. మనిషి మొగం ఆనక చూద్దువు" అంటుంది. అప్పుడు ఇంటిల్లిపాదీ దీపం పట్టుకుని గోడల వెంట వంగి వెతుకుతారు. ముజావరు ఇంట్లో పోయినా, పూజారి ఇంట్లో పోయినా ఇదే పద్ధతి. చాలాసార్లు దొరుకుతుంది. దొరకకపోయినా, వంగి వంగి వెతికేసరికి కోపం దిగిపోతుంది.

కథ చావిడికి చేరింది, మనం ఇళ్ళకు చేరదాం. పోయేటప్పుడు తలలు దించుకునే పోండి. కాలు రాయికి తగిలో, పిలిస్తే పలకబోయో ఎవరైనా పైకి చూశారనుకోండి, బెంగపడకండి. ఏం చెప్పాలో మీకు తెలుసు.