గడప లేని సబ్జగుల్

ఇది ఎప్పటి మాటో కచ్చితంగా చెప్పేవాళ్ళు ఇప్పుడు లేరు. చూసినవాళ్ళు పోయారు. విన్నవాళ్ళం మిగిలాం. విన్నది విన్నట్టు చెప్పుకుందాం.

అఫ్గాన్ దేశంలో, మంచు కొండల నడుమ ఒక నగరం. నగరం నెత్తిన ఒక కోట. కోట మీద ఒక జెండా. కోట వెనక నుంచి కిందికి రాతి మెట్ల వీధి. ఆ వీధి చివర ఆడవాళ్ళ తందూరు. ఆ తందూరు నడిపే మనిషి సబ్జగుల్.

పేరు ఇప్పుడు ఇలా అనేస్తున్నాం గానీ, ఆమె బతికుండగా ఆ పేరు ఎవరి నోటా రాలేదు. ఆ దేశంలో ఆడదాని పేరు నలుగురిలో పలికితే ఆ ఇంటి మగవాడి తలపాగా లాగి పారేసినట్టే. పుట్టినప్పుడు ఫలానావాడి కూతురు. పెళ్ళయితే ఫలానావాడి పెళ్ళాం. కొడుకును కంటే ఫలానావాడి తల్లి. చచ్చిపోయినా అంతే. రాయి కింద పడుకునేది ఆమె, రాయి మీద పేరు వాళ్ళది. సబ్జగుల్ మొగుడు చిన్న వయసులోనే పోయాడు. ఒక్కగానొక్క కొడుకు జలాల్. అందుకని ఆమె అందరికీ జలాల్ తల్లి.

వీధిలో ఆడవాళ్ళు పొద్దున్నే పిండి కలిపి, చెక్క పళ్ళేల్లో పెట్టుకుని, నెత్తిన ఎత్తుకుని వచ్చేవాళ్ళు. సబ్జగుల్ మోచేతి దాకా గుడ్డ చుట్టుకుని, నేలలో నోరు తెరిచిన ఆ మట్టి తందూరులోకి వంగి, రొట్టెల్ని గోడకు చరిచేది. కూలి కింద ఒక్కొక్కరూ ఒక పిండిముద్ద వదిలి వెళ్ళేవాళ్ళు. ఆ గదిలో మగవాడు అడుగు పెట్టకూడదు. అందుకే ముసుగులు పైకెత్తి, కాళ్ళు చాపుకుని, అత్తల్ని తిట్టుకుని, మొగుళ్ళ నడక అభినయించి పగలబడి నవ్వుకోవడానికి ఆ నగరంలో ఆడవాళ్ళకు ఉన్నది అదొక్కటే చోటు.

ఒక రోజు బాదుషా వేటకు వెళ్ళాడు. తిరిగొచ్చేసరికి ఆయన బావమరిది, సైన్యాధిపతి, సింహాసనం మీద కూర్చుని ఉన్నాడు. బాదుషా వచ్చిన దారినే పారిపోయాడు. ఇక నుంచి అందరికీ మంచిరోజులని వీధివీధినా డప్పు వేశారు. కోట మీద జెండా మారింది. తందూరులో రొట్టె మారలేదు.

ఆ పూట కోట వెనక మెట్ల మీంచి ఒక ముసలామె దిగి వచ్చింది. ఒంటి మీద జరీ, కాళ్ళకు చెప్పుల్లేవు. ఆమె బాదుషా తల్లి. తందూరు గదిలోకి వచ్చి సబ్జగుల్ కొంగు పట్టుకుని నేల మీద కూలబడింది. ఆ దేశంలో శరణు అడిగే పద్ధతి అది. అలా వచ్చినవాళ్ళను, పగవాళ్ళయినా సరే, అప్పగించకూడదు. సబ్జగుల్ ఆమెకు మసిపట్టిన తన పాత ముసుగు కప్పింది. పిండిముద్దలు చేయడం వచ్చా అని అడిగింది. రాదంది ముసలామె. అయితే నేర్చుకోమని పళ్ళెం ముందుకు తోసింది. వెతుక్కుంటూ వచ్చిన సిపాయిలు గుమ్మం బయటే నిలబడి, బాదుషా తల్లి లోపలుందా అన్నారు. ఇక్కడున్న వాళ్ళంతా ఎవడో ఒకడి తల్లులే, వాళ్ళలో జరీ కట్టుకున్నదాన్ని తాను చూడలేదని సబ్జగుల్ జవాబిచ్చింది. సిపాయిలు వెళ్ళిపోయారు. గొడవ సద్దుమణిగాక, కంబళ్ళు అమ్ముకునే సంచారుల ఆడవాళ్ళతో కలిసి ముసలామె కొండలు దాటింది.

వీధి పెద్ద మీర్‌దాద్‌కు ఈ సంగతి నచ్చలేదు. ఆయన పనల్లా అరుగు మీద కూర్చుని పచ్చ టీ తాగడం, ఎవరెవరు ఏ తప్పు చేశారో చెప్పడం. శరణు ఇవ్వాలంటే గడప ఉండాలి, గడప మగవాడిది, జలాల్ తల్లికి గడప ఎక్కడిది అన్నాడు. అరుగు మీద మగవాళ్ళు నవ్వారు.

"గడప లేదు కాకా. పొయ్యి ఉంది" అంది సబ్జగుల్.

కొన్నేళ్ళు గడిచాయి. నిప్పులు కక్కే ఇనుపబండ్లు రోడ్లు పగలగొట్టుకుంటూ వచ్చాయి. వాటి మీద ఒక నాయకుడు వచ్చాడు. సైన్యాధిపతి ఏమయ్యాడో ఎవరూ అడగలేదు. ఇక నుంచి అందరికీ మంచిరోజులని ఈసారి గొట్టంలో అరిచారు. కోట మీద జెండా మారింది. తందూరులో రొట్టె మారలేదు.

మెట్ల మీంచి ఈసారి సైన్యాధిపతి కూతురు దిగింది, ఇంకా పెళ్ళి కాని పిల్ల. ఆమె కూడా సబ్జగుల్ కొంగు పట్టుకుంది. ఆమెకూ పాత ముసుగు, పిండి పళ్ళెం. సిపాయిలు వచ్చి అడిగితే, ఆ పిల్ల ఎలా ఉంటుందో చెప్పండి చూస్తాను అంది సబ్జగుల్. సిపాయిలు ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. కోటలో ఆడవాళ్ళు ఎలా ఉంటారో వాళ్ళెప్పుడూ చూడలేదు. వెళ్ళిపోయారు. మీర్‌దాద్ మళ్ళీ గడప మాట ఎత్తాడు. అరుగు మళ్ళీ నవ్వింది.

కొత్త నాయకుడు మంచి మాటకారి. ఆడవాళ్ళు ఆడసింహాలని సభల్లో చెప్పేవాడు. ఇంటికెళ్ళి కిటికీలకు పరదాలు సరిగ్గా వేశారో లేదో చూసుకునేవాడు. ఆయనకు యుద్ధం వచ్చింది. యుద్ధానికి పిల్లలు కావాల్సి వచ్చారు. ఇంటింటికీ వచ్చి మీసాలు మొలిచినవాళ్ళను పట్టుకెళ్ళారు. విధవరాలి ఒక్క కొడుకును వదిలేస్తారని చెప్పుకునేవాళ్ళు గానీ జలాల్‌ను వదల్లేదు. సబ్జగుల్ పిండి చేతులతోనే కోట ముందు పడిగాపులు పడింది. చివరికి నాయకుడి కారు ఆమె పక్కన ఆగింది. అద్దం కొంచెం దిగింది. దేశం తల్లి, జలాల్ ఆ తల్లి కొడుకు, ఏడవకు అన్నాడాయన. అద్దం పైకి లేచింది.

జలాల్ తిరిగి రాలేదు. మేకులు కొట్టేసిన పెట్టె ఒకటి వచ్చింది. తెరవొద్దన్నారు. పెట్టెను పాతిపెట్టిన మర్నాడు సబ్జగుల్ తందూరు వెలిగించింది. ఆడవాళ్ళు ఏడ్చారు. ఆమె ఏడవలేదు. ఆ రోజు నుంచి తందూరు దగ్గర నవ్వులున్నాయి గానీ ఆమె నవ్వు లేదు.

ఇంకొన్నేళ్ళు గడిచాయి. కొండల మీంచి తుపాకులవాళ్ళు దిగివచ్చారు. నాయకుడు విమానం ఎక్కి పారిపోయాడు. పెట్టెలన్నీ గుర్తుగా ఎక్కించుకున్నాడు, పెళ్ళాన్ని మరిచిపోయాడు. ఆడది కనబడకూడదు, వినబడకూడదు, పరాయి ఆడదాన్ని చూసిన మగవాడి వీపు చిట్లుతుంది అని కొత్తవాళ్ళు శాసనం చేశారు. ఇక నుంచి అందరికీ మంచిరోజులని కూడా అన్నారు. కోట మీద జెండా మారింది. తందూరులో రొట్టె మారలేదు.

మెట్ల మీంచి ఈసారి దిగింది ఆ నాయకుడి పెళ్ళాం. చంకలో పాలుతాగే పిల్ల. ఆమె వచ్చి కొంగు పట్టుకోలేదు. గుమ్మం లోపల గోడకు ఆనుకుని నిలబడి, తాను ఫలానావాడి భార్యనని చెప్పింది. అందరూ సబ్జగుల్ వైపు చూశారు.

"నీ మొగుడు నా కొడుకును పెట్టెలో పెట్టి పంపాడు" అంది సబ్జగుల్.

"తెలుసు, ఖాలా" అందామె, పిన్నిని పిలిచినట్టు.

"తెలిసే వచ్చావా?"

"మూడు గడపలు తొక్కాను. ఎవడి పెళ్ళానివని అడిగారు. చెప్పగానే తలుపులేశారు. చెప్పకుండా దాక్కుందామంటే మీ దగ్గర అది ద్రోహం అనిపించింది."

సబ్జగుల్ తందూరులోకి చూస్తూ ఉండిపోయింది. గోడ మీద రొట్టె మాడి బొగ్గయి నిప్పుల్లో పడింది. ఆమె చేతిలో రొట్టె మాడడం ఆ ఆడవాళ్ళు ఎప్పుడూ చూడలేదు.

"నీ పేరేంటి?" అంది చివరికి.

ఆ పిల్లతల్లి వెంటనే చెప్పలేకపోయింది. పుట్టిల్లు వదిలాక ఎవరూ అడగలేదు. "మర్జానా" అంది.

"వాడి పెళ్ళానివై వచ్చుంటే ఈ నిప్పుల్లోకి తోసేదాన్ని. మర్జానాతో నాకు తగువు లేదు. కూర్చో. పిల్లకు పాలివ్వు."

ఆమె కూర్చుంది. పిల్ల నోటికి రొమ్ము అందించాక, నెమ్మదిగా, మీ పేరేంటి ఖాలా అని అడిగింది. సబ్జగుల్ ఆమె చెవి దగ్గర వంగి చెప్పింది. పక్కనున్నవాళ్ళకు వినబడలేదు.

మీర్‌దాద్ ఆ పూట టీ తాగడం మానేసి కొత్త కమాండరు దగ్గరికి వెళ్ళాడు. ఆడదిచ్చిన శరణు శరణు కాదు, దాన్ని ఎవరూ పాటించక్కర్లేదు అని ధర్మం చెప్పాడు. కమాండరు ఖైరుల్లా తుపాకులతో వచ్చి గుమ్మం ముందు నిలబడ్డాడు. నిలబడ్డాడే గానీ లోపలికి పోలేడు. శాసనం ఆయనదే. ముల్లాను పంపుదామంటే, పరాయి ఆడదాని మొహం చూస్తే వీపు చిట్లుతుందని మీరేగా రాయించారు, నా వీపు నాకు కావాలన్నాడు ముల్లా. నాయకుడి కారు నడిపినవాణ్ణి పట్టుకొచ్చి గుర్తుపట్టమంటే, తాను ఇన్నేళ్ళలో అమ్మగారి చెప్పులు మాత్రమే చూశానన్నాడు వాడు. లోపలేమో గది నిండా ఆడవాళ్ళు, ఒకే రంగు ముసుగులు.

కమాండరు మూడో ఉపాయం పన్నాడు. వీధిలో మగవాళ్ళనందరినీ వరసలో నిలబెట్టాడు. ఎవరి ఆడదాన్ని వాళ్ళు పిలిచి ఇంటికి తీసుకుపొండి, ఎవరూ పిలవకుండా మిగిలిందే మనక్కావలసింది అన్నాడు. తెలివైన ఉపాయమే. తన తెలివికి తానే గడ్డం దువ్వుకున్నాడు.

మొదటివాడు కరీం తల్లీ రా అని పిలిచాడు. లోపలి నుంచి ఎవరూ రాలేదు. సబ్జగుల్ గొంతు మాత్రం వచ్చింది.

"ఇక్కడ కరీం తల్లులు చాలామంది ఉన్నారు. ఏ కరీం తల్లి? పేరు పెట్టి పిలువు నాయనా, పంపిస్తాను."

వాడు వరసలో వెనక్కి జరిగాడు. రెండోవాడు రహ్మాన్ తల్లీ అన్నాడు. రహ్మాన్ తల్లులూ చాలామందే ఉన్నారు, పేరు చెప్పమంది. వాడూ తల దించుకున్నాడు. కమాండరు మీర్‌దాద్ వైపు తిరిగాడు. ధర్మం చెప్పినవాడివి నువ్వే మొదలుపెట్టు, నీ భార్య పేరు పిలువు అన్నాడు. మీర్‌దాద్ ఒక అడుగు ముందుకు వేశాడు. చుట్టూ పరాయి మగవాళ్ళు, తుపాకులవాళ్ళు.

"మా ఇంటిదాని పేరు మా ఇంట్లోనే నేనెప్పుడూ అనలేదు కమాండర్ సాహెబ్. ఇక్కడ అనను. కాల్చెయ్యండి."

జాలితో అన్న మాట కాదు అది. లోపలున్న పిల్లతల్లి గతి ఏమైనా ఆయనకు పట్టలేదు. పరువు కోసం అన్నాడు. వరసలోవాళ్ళంతా ఆయన వెనక చేరారు, వాళ్ళూ పరువు కోసమే. ఆడదాని ప్రాణానికి ఎప్పుడూ కదలని కాళ్ళు ఆడదాని పేరు బయటికొస్తుందంటే రాళ్ళలా పాతుకుపోయాయి. ఊరు చేతికొచ్చి ఇంకా వారం తిరగలేదు. ఒక వీధి వీధంతా ఎదురు తిరిగితే కోటలో తనకు మాట వస్తుందని కమాండరుకు తెలుసు.

ఓడిపోయాననలేక, తందూరు కూల్చేస్తున్నాం, అందరూ బయటికి పొండి అని ఆజ్ఞ వేశాడు. ఆడవాళ్ళు ఒక్క ముద్దగా బయటికొచ్చారు. మర్జానా నడుమ ఉంది. ఆమె పిల్ల వేరొకామె ముసుగు కింద ఉంది. మెట్ల మీద ఎవరింట్లోకి వాళ్ళు చీలిపోయారు. మీర్‌దాద్ భార్య మర్జానా మణికట్టు పట్టుకుని తన ఇంట్లోకి లాక్కుపోయింది. వెనకే వచ్చిన మొగుడితో ఒకే మాట అంది.

"ఇది గడపే. నీదే. ఇప్పుడు అప్పగిస్తావో లేదో చూస్తాను."

మీర్‌దాద్ తలుపు గడియ వేశాడు. అప్పగిస్తే ఊళ్ళో తలెత్తలేడు.

సబ్జగుల్ మాత్రం బయటికి రాలేదు. పొయ్యి ఆరకుండా వెళ్ళే అలవాటు తనకు లేదంది. బయటికి రమ్మని సిపాయిలు అరిచారు. తర్వాత పైకప్పు దూలాలు లాగేశారు. దుమ్ము సర్దుకునేసరికి ఆమె తందూరు అంచునే ఉంది, కూలిన కప్పు కింద.

పాతిపెట్టేటప్పుడు రాతి మీద ఏం చెక్కాలని మగవాళ్ళు పెద్దగా ఆలోచించలేదు. జలాల్ తల్లి అని చెక్కారు. మీర్‌దాద్ ఇంట్లో చేరిన ఆడవాళ్ళు ఒకరినొకరు అడిగారు, ఆమె పేరేంటని. జీవితమంతా ఆమె చేతి రొట్టె తిన్నవాళ్ళు. ఒక్కరికీ తెలియదు. అప్పుడు లోపలి గదిలోంచి ఒక గొంతు పలికింది, సబ్జగుల్ అని. ఆమె కొడుకును చంపించినవాడి పెళ్ళానికి తప్ప ఆ పేరు ప్రపంచంలో ఎవరికీ దక్కలేదు.

మంచు కరిగాక మర్జానా పిల్లనెత్తుకుని కొండలు దాటింది. ఆడవాళ్ళు మట్టీ మేకవెంట్రుకలూ కలిపి తొక్కి తందూరు మళ్ళీ కట్టుకున్నారు. ఆ తర్వాత కోట మీద ఎన్ని జెండాలు మారాయో వాళ్ళకు అక్కర్లేదు. జెండా మారినప్పుడల్లా వెనక మెట్ల మీంచి ఎవరో ఒక ఆడది దిగుతూనే ఉంది.

ఇప్పటికీ ఆ వీధిలో తందూరు వెలిగించేటప్పుడు సబ్జగుల్ అని గట్టిగా పిలిచి నిప్పు వేస్తారు. అరుగు మీద మగవాళ్ళు విననట్టు టీ తాగుతారు. ఆ నగరంలో ఏ తలుపు తట్టినా ఆడదాన్ని ఎవడి కూతురివి, ఎవడి పెళ్ళానివి, ఎవడి తల్లివి అనే అడుగుతారు. తందూరు దగ్గర అలా అడగరు. పిండి పళ్ళెం ముందుకు తోసి, నీ పేరేంటి అంటారు. వచ్చినామె కాసేపు వెతుక్కుంటుంది. చెప్పేదాకా ఎవరూ తొందరపెట్టరు.