అన్సెల్మో కిందిచూపు

స్పెయిన్ దేశంలోని వలెన్సియా పట్నంలో అన్సెల్మో అనే నాటకాల నటుడు ఉండేవాడు. గొంతు గంటలా మోగేది గానీ, పాత్ర మాటలు నేర్చుకోవాలంటే అతనికి ఎక్కడలేని బద్ధకం.

వేదిక అంచున, మధ్యలో, చిన్న గొయ్యి ఉండేది. సిమోన్ అనే ముసలాయన అందులో జనానికి కనపడకుండా పుస్తకం పట్టుకుని కూర్చుని, మాటలు మెల్లగా అందించేవాడు. అన్సెల్మో కిందికి ఓ చూపు చూసి, అందిన మాటను గట్టిగా పలికేవాడు. కష్టం సిమోన్‌ది, చప్పట్లు అన్సెల్మోవి. ఇలా ఇరవై ఏళ్లు నెట్టుకొచ్చాడు.

ఇంతలో సినిమావాళ్లు వచ్చారు. ఆ ప్రాంతపు నాటకాలు రెండింటిని కలిపి మూకీ సినిమా తీస్తామన్నారు. కూతురు సముద్రంలో మునిగిపోయిన జాలరి వేషం అన్సెల్మోకి దక్కింది.

"ఇది పండిందంటే వచ్చే సినిమాలో కథానాయకుడివి నువ్వే," అన్నాడు దర్శకుడు. అన్సెల్మో ఆ మాట ఊరంతా చెప్పుకున్నాడు.

"అక్కడ నేనుండను బాబూ. ఈసారైనా పాత్ర చదువుకో," అన్నాడు సిమోన్.

"మూకీకి మాటలెందుకు తాతా? పెదవులు కదిపితే సరి," అని అన్సెల్మో నవ్వేశాడు.

కెమెరా ముందు నోటికొచ్చింది వాగాడు. మాట తడబడినప్పుడల్లా చూపు అలవాటుగా కిందికి పోయింది.

"అస్తమానం నేలకేసి చూస్తావేం?" అని దర్శకుడు అడిగాడు.

"కూతురు పోయినవాడు తలెత్తుకుంటాడా అండీ?" అన్నాడు అన్సెల్మో. దర్శకుడు అదీ నిజమేననుకున్నాడు.

మొదటి ఆటకి ఊరంతా వచ్చింది. తెర మీద అన్సెల్మో మొహం గోడంత కనిపించింది. కూతురి శవం ఒడిలో ఉంది. అతని కళ్లు మాత్రం క్షణానికోసారి నేలమీదికి జారుతున్నాయి.

"చెప్పు ఎక్కడ విడిచాడో వెతుక్కుంటున్నాడు పాపం," అంది చేపలమ్మే ఆవిడ. హాలంతా గొల్లుమంది. ఏడవాల్సిన చోట జనం పొట్టలు పట్టుకుని నవ్వారు. కథానాయకుడి వేషం మర్నాడే ఇంకొకడికి వెళ్లిపోయింది.

ఆ పూట హాల్లో నవ్వనివాడు సిమోన్ ఒక్కడే. అన్సెల్మో సిగ్గుతో చితికిపోయి అతని పక్కన కూలబడ్డాడు.

"ఇరవై ఏళ్లుగా ఆ గోతిలో నేనున్నానని ఎవరికీ తెలీదు బాబూ. ఇవాళ నీ కళ్లు అందరికీ చెప్పేశాయి," అన్నాడు సిమోన్.

సిమోన్ చంకలో ఎప్పటిలాగే నాటకం పుస్తకం ఉంది. అన్సెల్మో చెయ్యి చాచి, "ఆ పుస్తకం ఇలా ఇవ్వు తాతా. నేర్చుకుంటాను," అన్నాడు.

అరువు మాటతో చెవులను నమ్మించవచ్చు గానీ కళ్లను నమ్మించలేం. ఎవరి పని వాళ్లు నేర్చుకోవలసిందే.