దస్తగిరి బదులు కూర్చున్న మనిషి

ఉన్ని వ్యాపారి మౌలాలికి నమాజు మీద మనసు నిలవడం లేదు. తివాచీలు నేసే దస్తగిరి అతనికి బాకీ పడ్డాడు. వరదలో దస్తగిరి సరుకంతా పాడైపోయింది. ఊళ్లో ఎవరిని కదిపినా అతను తమకూ బాకీ ఉన్నాడనే చెబుతున్నారు. ఒకరిని చూసి ఒకరు ఖాజీ కచేరీలో దావా వేశారు. మౌలాలి కూడా వేశాడు.

వేసి వచ్చి గురువు జహీర్ షాకు చెప్పుకున్నాడు.

"అతను ఏమంటున్నాడు?" అన్నాడు గురువు.

"మగ్గం మీద పెద్ద తివాచీ ఉందట, హజ్రత్. అది దిగేదాకా ఆగమంటున్నాడు. అమ్మి అందరికీ ఇస్తాడట."

"ఇవ్వడంటావా?"

"మనిషి మంచివాడే. కానీ నేను ఆగితే మిగతావాళ్లు మగ్గాలు ఊడదీసి పట్టుకుపోతారు. నాకేం మిగులుతుంది?"



మర్నాడు మౌలాలి దావా విచారణ. కచేరీలో అడుగుపెట్టేసరికి, దస్తగిరి కూర్చోవలసిన చాప మీద తన గురువు కూర్చుని ఉన్నాడు.

"మీరేమిటి ఇక్కడ?" అంటూ ఖాజీ లేచి నిలబడ్డాడు.

"దస్తగిరి రోజూ ఎవరో ఒకరి దావాకు వచ్చి, పొద్దుగూకేదాకా ఇక్కడే ఉంటున్నాడు. ఇక నేసేదెప్పుడు? నాకు పనేమీ లేదు. అతని బదులు నేను కూర్చుంటాను. అతను ఊరు విడిచిపోతే నన్ను అడగండి."

మౌలాలి వెళ్లి గురువు పక్కన మోకరిల్లాడు. "లేవండి, హజ్రత్. ఇంటికి వెళదాం."

"నీ దావా ఒక్కటే కాదుగా, బేటా. రేపు ఉన్నికి రంగులద్దేవాళ్లది ఉంది. నువ్వు వెళ్లు."

ఆ గొంతులో కోపం లేదు. ఉంటే బాగుండునని మౌలాలికి అనిపించింది.

ఇంతలో సంగతి తెలిసి దస్తగిరి పరుగున వచ్చాడు. చేతులకు ఉన్ని పీచు అంటుకునే ఉంది. మాట్లాడబోయి ఏడ్చేశాడు.

"నువ్వెందుకు వచ్చావయ్యా? వెళ్లు, వెలుగు పోతుంది," అన్నాడు జహీర్ షా.

మౌలాలి లేచి ఖాజీ వైపు తిరిగాడు. "నా హక్కు నేను వదులుకోను. కానీ ఆ తివాచీ దిగేదాకా నా దావా పక్కన పెట్టండి. అందరివీ పెడితేనే సుమా."

దావా వేసిన మిగతావాళ్లూ విచారణ వినడానికి వచ్చి ఉన్నారు. రంగులవాళ్లు గుసగుసలాడుకున్నారు. చివరికి సరేనన్నారు. దస్తగిరికి కూలికి ఉన్ని వడికే మాలన్‌బీ మాత్రం ఒప్పుకోలేదు.

"మీకు దుకాణాలున్నాయి, ఆగుతారు. నా పిల్లల ఆకలి ఆగుతుందా?"

జహీర్ షా తల తిప్పి మౌలాలిని చూశాడు.

"అక్కా, నీ కూలి నేనిస్తాను. దస్తగిరి దగ్గర తర్వాత నేను తీసుకుంటాను," అన్నాడు మౌలాలి.

తివాచీ దిగేదాకా ఎవరూ దావా నడపకూడదని, ఎవరూ మగ్గం ముట్టకూడదని, దస్తగిరి కూడా కచేరీకి చెప్పకుండా ఏదీ అమ్మకూడదని ఖాజీ తీర్పు చెప్పాడు.

రంజాను ముందు తివాచీ దిగింది. దస్తగిరి అందరి గడపలకూ వెళ్లి సగం బాకీ తీర్చాడు. మిగతా సగానికి ఇంకో తివాచీ మొదలుపెట్టాడు.

తన సగం బాకీ చేతికందిన సాయంత్రం మౌలాలి గురువు కాళ్లు పడుతూ అడిగాడు.

"ఒకవేళ అతను ఇవ్వకపోయి ఉంటే, హజ్రత్?"

"మళ్లీ కచేరీకి వెళ్లేవాడివి. కచేరీ ఎక్కడికీ పోదు, బేటా. తొందరపడితే మనిషే పోతాడు."