గీతకు అవతల

ఓబుళేసు ప్రతి గురువారం దర్గాకు వచ్చేవాడు. వాకిలి ఊడ్చి, కుండల్లో నీళ్లు నింపి, దర్గా చూసుకునే ఫకీరు ఖాదర్ షా స్వామి పక్కన కాసేపు కూర్చుని వెళ్లేవాడు. ఆ రోజు మాత్రం చీపురు ముట్టుకోలేదు. వెంట కుక్కను తెచ్చాడు.

"స్వామీ, దీనికి తాయెత్తు కట్టల్ల. ఎవురో చేతబడి చేసినారు," అన్నాడు.

కుక్క పేరు తుపాను. సన్నని నడుము, పొడుగాటి కాళ్లు, బూడిద రంగు ఒళ్లు, అసలైన గ్రేహౌండ్. ఇప్పుడు మూతి తెల్లబడింది గానీ ఒకప్పుడు ఆ సీమలో ఏ తిరునాళ్లలో కుక్కల పరుగు పందెం పెట్టినా, మిగతావాళ్లు రెండో బహుమతి కోసమే వచ్చేవాళ్లు. ఓబుళేసు కూలి పని మానుకుని దాని వెంట తిరగడం మొదలుపెట్టినప్పుడు, కుక్క తోక పట్టుకుని గోదారి ఈదుతున్నాడని ఊరు ఊరంతా నవ్వింది. ఓబుళేసు ఈదాడు. అవతలి ఒడ్డున కప్పుతో ఫోటో కూడా దిగాడు.

ఆ రోజులు తలుచుకుంటే ఇప్పటికీ అతని ఒళ్లు పులకరిస్తుంది. తెల్లారగట్ల పెన్న ఇసుకలో పరిగెత్తించడం, ఎండ ఎక్కాక నువ్వుల నూనెతో కాళ్లు పిసకడం, తాను తిన్నా తినకపోయినా దానికి గుడ్లు పెట్టడం. పందెం రోజున ఈ కొసన కుక్కను రెండు చేతులా ఒడిసి పట్టుకునేవాడు. ఆ కొస నుంచి మోటారు చక్రానికి చుట్టిన తాడు కుందేలు తోలును లాక్కుపోయేది. జెండా దిగగానే చేతులు వదిలేవాడు. తక్కినదంతా దుమ్మూ, ఈలలూ.

"దాన్ని నా చేతులతో తయారు చేసినా, స్వామీ. అట్లాంటిది నిరుడు నా పెండ్లాం సుంకులమ్మ పోయి, కార్యాలన్నీ అయినాక పందేనికి తీసుకుపోతే, చెయ్యి వదిలినా కదల్ల్యా. నిలబడి చూస్తాండాది. జనం ముందర నా తల తీసేసినట్టయింది. మొన్న రోషంతో నలుగురిలో అనేసినా, ఈ ఉరుసు పందెంలో పరిగెత్తకుంటే అడవిపందుల వేటకు ఇచ్చేస్తానని. ఉరుసు కాగానే ఆ వేటగాళ్లు వచ్చి అడుగుతారు."

ముసలి కుక్క పంది కోర ముందు ఎంతసేపు నిలుస్తుందో అతనికి తెలుసు. అందుకే ఆ మాట చెప్పేటప్పుడు కుక్క వైపు చూడలేదు.

ఖాదర్ షా తుపాను చెవి వెనక నెమ్మదిగా గోకాడు.

"పందెంలో దీన్ని విడిచేది ఎవురు?"

"నేనే, స్వామీ."

"అవతల ఉండేది?"

"అవతల ఎవురుంటారు? సున్నం గీత ఉంటాది."

స్వామి లేచాడు. దర్గా వెనక శెనక్కాయ పీకేసిన చేను ఖాళీగా పడివుంది. తుపాను మెడలోని తోలుపట్టీ తన చేతికి తీసుకున్నాడు.

"ఈ పొద్దు నేను పట్టుకుంటా. నువ్వు పోయి ఆ కొసన ఉండు."

ఓబుళేసు చేను దాటి ఆ చివరికి నడిచాడు. ఇన్నేళ్లలో ఎన్నడూ పందెం ఆ కొస నుంచి చూడలేదు. తిరిగి చూస్తే స్వామి బొటనవేలంత ఉన్నాడు. పక్కన కుక్క ఒక మచ్చ.

సుంకులమ్మకు తాను కూడా ఇంతే కనిపించేవాడేమో అనిపించింది.

పందేల్లో ఆమె ఇలాంటి కొసనే కూర్చునేది. గీతకు బాగా అవతల, జనానికి దూరంగా, కొంగులో రాగిసంగటి ముద్ద కట్టుకుని. తుపాను గీత దగ్గర ఎప్పుడూ ఆగేది కాదు. దుమ్ము లేపుకుంటూ వచ్చి ఆమె ఒడిలో పడేది. తాను వెనకనే రొప్పుతూ వచ్చి, "ఆ మట్టి సంగటి ఎందుకే దానికి, గుడ్లు పెట్టినా కదా! పక్కకు జరుగు, ఫోటో తీస్తారు," అని కసురుకునేవాడు. ఆమె నవ్వి పక్కకు జరిగేది. ఏ ఫోటోలోనూ ఆమె లేదు.

"తుపాన్! రా!" అని గట్టిగా కేక వేశాడు. వేలు నోట్లో పెట్టి ఈల వేశాడు.

కుక్క కదల్లేదు.

ఎండ చురుక్కుమంటోంది. ఓబుళేసు నిలబడలేక నేల మీద చతికిలబడ్డాడు. భుజం మీది తువ్వాలు ఒళ్లో పరుచుకున్నాడు, ఆమె కొంగు పరుచుకున్నట్టు. పిల్లల్లేని ఆ ఇంట్లో ఏడాదిగా ఎవరూ పలకని పిలుపు ఒకటి, సుంకులమ్మ కుక్కను పిలిచే పిలుపు, గుర్తొచ్చింది. చివరికి చిన్నగా, ఎవరికీ వినిపించనంత చిన్నగా పైకి వచ్చింది.

"పాపా... సంగటి తిందువు రా, పాపా!"

రెండోసారి గట్టిగా పిలిచాడు. మూడోసారి ఏడుస్తూ పిలిచాడు.

అల్లంత దూరాన ఆ మచ్చకు చెవులు లేచాయి. స్వామి తోలుపట్టీ విప్పి వదిలాడు.

ఒకప్పటి పరుగు కాదది. వెనక కాలు కాస్త ఈడుస్తోంది. అయినా అటూ ఇటూ చూడకుండా, చేను మధ్యగా, తిన్నగా వచ్చింది. వచ్చి ఒళ్లో మూతి పెట్టి తువ్వాలు మడతలన్నీ వెతికింది. అందులో ఏమీ లేదు. ఓబుళేసు దాని మెడ చుట్టూ చేతులు వేసి, భార్య పోయిన రోజున నలుగురిలో ఏడవని ఏడుపంతా ఏడ్చాడు.

ఖాదర్ షా మెల్లగా నడుచుకుంటూ వచ్చాడు. జోలెలోంచి జొన్నరొట్టె తీసి ఓబుళేసు చేతిలో పెట్టాడు.

"తాయెత్తు కట్టమంటావా?"

ఓబుళేసు తల అడ్డంగా ఊపాడు.

"నలుగురిలో మాట అన్నావే?"

"నా మాట పోతే పోనీ, స్వామీ."

స్వామి ఖాళీ తోలుపట్టీని భుజాన వేసుకుని, కాసేపు చేనంతా కలియజూశాడు.

"అవతల గీత ఉంటాదంటివే. యాడుంది ఓబుళేసూ?"

ఓబుళేసు రొట్టె తుంచి, "తిను పాపా," అన్నాడు.