తాడులో పేనిన నిమ్మగడ్డి

కొండలకు ఇంకా పేర్లు పెట్టని కాలంలో, తేనెటీగ మాట మనిషికి తెలియని కాలంలో, ఒక కొండ మీద ఒక గూడెం ఉండేది. ముప్పై గుడిసెల గూడెం. ఊఁ కొడుతూ వినండి. మీరు ఊఁ కొట్టడం ఆపితే నాకు గుబులు పుడుతుంది. ఇది అసలే గుబులు కథ.

ఆ గూడెంలో ఈదమ్మ అనే ముసలావిడ ఉండేది. పొట్టి మనిషి. మొగుడు ఎప్పుడో పోయాడు. గడ్డి కోసి గుడిసెలకు కప్పు వేయడం ఆమె పని. ఎవరైనా చనిపోతే ఒంటికి నీళ్ళు పోసేది కూడా ఆమే. ఆ రెండు పనులూ ఎవరూ పోటీపడి అడిగేవి కావు. ఆమెకు ఇంకో అలవాటు ఉంది. ఏది చేతికొచ్చినా ముందు వాసన చూసేది. ఉప్పును వాసన చూసేది, బట్టను వాసన చూసేది, పలకరించడానికి వచ్చిన మనిషిని కూడా ఓసారి వాసన చూసేది. అందుకని పిల్లలు ఆమెను ముక్కమ్మా అని పిలిచేవాళ్ళు. పలికేది. కోపం తెచ్చుకుంటే రోజంతా కోపంగానే ఉండాలి మరి.

గూడేనికి తేనే ఆధారం. పొలాలు లేవు. సుడిబండ అని నిటారుగా ఒక బండ, దాని కింద లోయ. ఆ బండకు తేనె పెరలు, అంటే తేనెపట్లు, వేలాడేవి, ఒక్కోటి గుడిసె తలుపంత. ఎండలు ముదరకముందు ఒక రోజు చూసి, ఒక మగవాడు తాడు మీద దిగి పెర కోసుకొచ్చేవాడు. ఆ తేనె ఇచ్చి కింది ఊళ్ళలో జొన్నలు, ఉప్పు తెచ్చుకునేవాళ్ళు. ఆ రోజు తప్పితే వానలదాకా పిల్లలు పస్తులే.

తాడు పట్టడానికి ఒక కట్టుబాటు ఉంది. దిగినవాడి తాడును వాడి బావమరిదే పట్టాలి. అన్నదమ్ములు పట్టకూడదు. అన్నదమ్ముల కడుపులో ఏముంటుందో ఎవరు చూడొచ్చారు? తోడబుట్టినదాని బొట్టు చెరగాలని మాత్రం ఎవడూ కోరుకోడు కదా. ఒకసారి పట్టాక, బావ పైకి వచ్చేదాకా పిడుగు పడ్డా తాడు వదలకూడదు. పక్కకు చూడకూడదు.

ఇది ఎప్పటినుంచో ఉన్నది. కొత్తగా ఇంకోటి వచ్చిపడింది. గూడెం పెద్ద కాటన్న కింది ఊరి నుంచి అరటి పిలకలు తెచ్చి వాగు పక్కన నాటించాడు. చెట్లు ఏపుగా పెరిగి గెలలు వేశాయి. కొత్త పంట ముందు కొండమ్మ తల్లికి పెట్టకుండా ఎవరు తింటారు? అంతకుముందు తల్లికి ఇప్పపువ్వు పెట్టేవాళ్ళు. ఆ ఏడు ఇప్పపువ్వు మానేసి, సుడిబండ అంచున గెల నుంచి కోసిన ఒక అత్తం మాగిన అరటిపళ్ళు పెట్టారు. దిగేవాడు అందరి ముందూ మొదటి పండు తిని, తొక్కతో రెండు చేతులూ రుద్దుకుని దిగాలన్నారు.

ఆ ఏడు దిగినవాడు గురవడు, కాటన్న కొడుకు. తండ్రే స్వయంగా పండు ఒలిచి నోట్లో పెట్టాడు. గురవడు పెరదాకా వెళ్ళాడు. ఈగలు ఒక్కసారిగా లేచాయి. పైకి లాగేసరికి ఒంట్లో ప్రాణం లేదు.

తల్లికి ఒక్క అత్తం చాలలేదు అనుకున్నారు. రెండో ఏడు ఒక గెల పెట్టారు. ఆ ఏడు దిగినవాడు ఎల్లడు. ఈగలు ఇంకా త్వరగా లేచాయి. ఎల్లడు పోయాడు, బండ అంచున కాపలా కూర్చున్న వాడి కుక్క కూడా పోయింది.

ఒక గెల కూడా చాలలేదు అనుకున్నారు. మూడో ఏడు మూడు గెలలు పెట్టాలన్నారు. ఈసారి దిగాల్సినవాడు అంకడు. అంకడు ఎవరో కాదు, ఈదమ్మ కూతురు చెన్ని మొగుడు. తాడు పట్టాల్సింది ఈదమ్మ కొడుకు లింగడు. ఒక కొసన అల్లుడు, ఇంకో కొసన కొడుకు. ఆ మాట విన్న దగ్గర్నుంచి ఈదమ్మ గడ్డి కోతకు పోలేదు.

ఎందుకంటే ఆమెకు ఒక సంగతి తెలుసు. తెలుసో లేదో కూడా సరిగ్గా తెలియదు. అదే ఆమె బాధ.

గురవడికి నీళ్ళు పోసింది ఈదమ్మే. ఒంట్లో దిగిన ఈగల ముళ్ళన్నీ గోటితో తీసింది. అలవాటు కొద్దీ వాసన చూసింది. మాగిన అరటిపండు వాసన. పండు తిన్నాడు కదా అనుకుంది. ఎల్లడికి నీళ్ళు పోసినప్పుడు వీపు మీద ముళ్ళు తీసింది. అక్కడా అరటిపండు వాసనే. వీపుకు పండు ఎవరు రుద్దారు? వెళ్ళి కుక్కను వాసన చూసింది. కుక్క మూతి మీదా, చెవుల మీదా అదే వాసన. కుక్క అరటిపండు ఎప్పుడు తిన్నది?

మూడోసారి తన మీదే చూసుకుంది. చెయ్యి బూడిదతో తోముకుని, వాగులో కడుక్కుని, చిన్న తేనెటీగలుండే చెట్టుతొర్ర దగ్గర పెట్టింది. ఒక ఈగ కుట్టింది. మంట ఆరకముందే చెయ్యి ముక్కు దగ్గర పెట్టుకుంది. మాగిన అరటిపండు వాసన. ఆమె ఇంకా చూస్తుండగానే మరో పది ఈగలు వచ్చి సరిగ్గా అక్కడే కుట్టాయి.

అప్పుడు అర్థమైంది. ఈగకు నోరు లేదు. వాసనే దాని కేక. కుట్టిన ఈగ ఆ వాసనతో మిగతావాటిని పిలుస్తుంది, శత్రువు ఇక్కడున్నాడు రండి అని. మనం తల్లికి పండు పెడుతున్నాం అనుకుంటున్నాం. ఈగలకు మాత్రం యుద్ధం కేక వినిపిస్తోంది. ఒక అత్తమైతే ఒక కేక. మూడు గెలలైతే ఎన్ని కేకలో మీరే లెక్క వేసుకోండి.

ఇంకో వాసన సంగతి కూడా ఆమెకు తెలుసు. అది భయపెట్టేది కాదు. తొర్ర గుమ్మంలో ఈగలు తోక లేపి రెక్కలాడిస్తాయి, దారి తప్పినవాటిని ఇంటికి పిలవడానికి. అప్పుడు అక్కడ నిమ్మగడ్డి వాసన వస్తుంది. గడ్డి కోసే మనిషికి అది తెలియకుండా ఎలా ఉంటుంది? ఒకసారి ఆమె నెత్తిన నిమ్మగడ్డి మోపు ఉండగా, ఈగల గుంపు ఒకటి వచ్చి మోపు మీదే వాలింది. ఆమె గూడెందాకా నడిచొచ్చి, అందరూ దూరంగా పారిపోతుంటే గానీ సంగతి తెలుసుకోలేదు. ఒక్క ఈగా కుట్టలేదు.

ఇదంతా చెప్పడానికి ఈదమ్మ కాటన్న దగ్గరికి మూడుసార్లు వెళ్ళింది. మొదటిసారి ఆయన నవ్వి, ముక్కుతో దేవుణ్ణి కొలిచేదానివి నువ్వొక్కదానివే అన్నాడు. రెండోసారి కసిరి పంపించాడు. మూడోసారి నవ్వలేదు, కసరలేదు. 

"నా కొడుక్కి పండు నోట్లో పెట్టింది నేను" అన్నాడు. "నీ మాట నిజమైతే వాణ్ణి నేనే చంపినట్టు. నన్ను ఆ మాట ఒప్పుకోమనమాక, ఈదమ్మక్కా."

ఈదమ్మ లేచి వచ్చేసింది.

ఇక అల్లుడికి చెబుదామంటే, ఆ గూడెంలో అత్త అల్లుడితో ఎదురుపడి మాట్లాడకూడదు. చెన్నితో చెప్పించింది. అంకడు మంచివాడే. విన్నాడు. విని, అందరి ముందూ పండు తిననని ఎట్లా అనేది అన్నాడట. తినకుండా దిగితే కొండమ్మ కోపిస్తుందన్న భయానికే పట్టు తప్పుతుంది అన్నాడట. అదీ నిజమే. ఆ మాట చెప్పి చెన్ని ఏడ్చింది. అప్పటికి చెన్నికి ఐదో నెల.

ఈదమ్మకు మిగిలింది ఒక్కటే, తాడు. ఏడాదికో కొత్త తాడు పేనాలి, పట్టేవాడే పేనాలి. లింగడు నార పేనుతుంటే ఈదమ్మ పక్కన కూర్చుని, ప్రతి పేటలోనూ నిమ్మగడ్డి కలిపి అందించింది. మొదటిరోజు పేనారు, రెండోరోజు పేనారు, మూడోరోజు పేనారు. ఇద్దరి చేతులూ గడ్డికి కోసుకుపోయాయి. ఇది ఎంతవరకు పనిచేస్తుందమ్మా అని లింగడు అడిగితే, తెలియదు నాయనా అంది. అబద్ధం చెప్పి ధైర్యం ఇవ్వడం ఆమెకు చేతకాదు.

ఆ రోజు రానే వచ్చింది. పొద్దు నెత్తి మీద నుంచి జారింది. బండ అంచున మూడు గెలలు పెట్టారు. ఎండకు పళ్ళు పగిలి వాసన కమ్ముకుంది. అంకడు మొదటి పండు తిన్నాడు, తొక్కతో చేతులు రుద్దుకున్నాడు. తాడు నడుముకు కట్టుకున్నాడు. లింగడు రెండో కొస తన నడుముకు చుట్టుకుని, కాళ్ళు బండకు తన్నిపెట్టి పట్టాడు. ఈదమ్మ దూరంగా ఆడవాళ్ళలో నిలబడి, గాలి ఎటునుంచి వస్తుందో చూసుకుంటోంది. గాలి బండకు ఆ పక్కనున్న అవతలి గట్టు నుంచి పెరల మీదికి వీస్తోంది.

అంకడు సగం దిగాడు. కింద పెర మీద ఈగలు ఒకసారి అలలా కదిలాయి. రెండోసారి కదిలాయి. మూడోసారి కదిలితే లేస్తాయని అందరికీ తెలుసు. చెన్ని నోట్లో కొంగు కుక్కుకుంది.

ఈదమ్మ గెలల దగ్గరికి నడిచింది. కొంగు నిండా పళ్ళు తెంపుకుంది. చేతికందిన పండునల్లా చిదిమి మెడకూ, చేతులకూ, జుట్టుకూ పూసుకుంది. కాటన్న చూశాడు. ఆపబోయాడు. ఆమె అతని ముఖంలోకి చూసేసరికి, ఎత్తిన చెయ్యి అట్లాగే ఆగిపోయింది. ఆయనకు ఆ క్షణంలోనే అంతా తెలిసిపోయిందంటారు.

లింగడికి వెనక అరటిపండు వాసన వచ్చింది. తల్లి అడుగుల చప్పుడు వినిపించింది.

"అమ్మా, ఏం చేస్తుండావ్?"

"తాడు వదలమాక" అంది ఈదమ్మ. "నా వైపు చూడమాక. నీ చెల్లెల్ని తలుచుకుని పట్టుకో."

ఆ మాట అని అవతలి గట్టు వైపు పరుగెత్తింది. అరవై దాటిన మనిషి, గడ్డిమోపులు మోసి మోసి వంగిన నడుము. పరుగెత్తింది. గట్టు మీద గాలికి ఎదురుగా నిలబడి, మిగిలిన పళ్ళన్నీ చిదిమి నెత్తిన పోసుకుంది. గాలి ఆ వాసనను పెరల మీదికి మోసుకొచ్చింది. ఈగలు లేచాయి. ఆకాశం ఒక పక్క నల్లబడింది. అంకణ్ణి దాటుకుంటూ అన్నీ అవతలి గట్టుకే వెళ్ళాయి.

లింగడు చూడలేదు. ఈగల హోరు తన పక్కనుంచి పోవడం విన్నాడు. అది ఎటు పోయిందో తెలిసింది. అక్కడ ఎవరున్నారో తెలిసింది. తాడు వదిలి పరుగెత్తితే తల్లి. వదిలితే లోయలో బావ. కళ్ళు మూసుకుని పట్టుకున్నాడు. కింద అంకడు పెర కోశాడు. వెనకబడ్డ ఈగలు కొన్ని వచ్చి తాడు మీద వాలాయి, అంకడి భుజాల మీద వాలాయి, రెక్కలు మడుచుకుని కూర్చున్నాయి. అరటి రుద్దిన చేతుల మీద రెండు మూడు కుట్టాయి, అంతే.

అంకడు పైకి వచ్చాడు. తేనె వచ్చింది. మనిషి వచ్చాడు. మూడేళ్ళకు ఒక మగవాడు సుడిబండ నుంచి బతికి పైకి వచ్చాడు. అయినా అందరూ అవతలి గట్టు వైపే చూస్తున్నారు. లింగడు ఇంకా తాడు పట్టుకునే ఉన్నాడు. అంకడు ఒక్కో వేలూ విడదీసి తాడు తీయాల్సి వచ్చింది.

ఈదమ్మకు నీళ్ళు పోయడానికి గూడెంలో మనిషి లేదు. ఆ పని చేసేది ఆమే కదా. కాటన్న కడవ ఎత్తుకున్నాడు. కూర్చుని ఒక్కో ముల్లూ గోటితో తీశాడు. తీసిన ప్రతి ముల్లునూ వాసన చూశాడు. చూసి ఏడ్చాడు, కొడుకు పోయిననాడు ఏడవనంతగా ఏడ్చాడు. పక్కన అంకడు, ఎన్నడూ ఎదురుపడి మాట్లాడని అల్లుడు, అత్తా అని మూడుసార్లు పిలిచాడు.

ఇప్పటికీ ఆ గూడెంవాళ్ళు తేనెకు పోయే ముందు మూడు రోజులు అరటిపండు ముట్టరు. కొండమ్మకు మళ్ళీ ఇప్పపువ్వే పెడతారు. తేనె దిగిన మర్నాడు మాత్రం ఒక గెల తీసుకెళ్ళి అవతలి గట్టు మీద ఈదమ్మ రాళ్ళకుప్ప దగ్గర పెడతారు. అవి మనుషులు తినరు, కోతులు తింటాయి. ఆ గూడెంలో పిల్లలు అన్నం వాసన చూస్తే పెద్దవాళ్ళు తిట్టరు. తాడు పేనితే నిమ్మగడ్డి కలపకుండా పేనరు. దిగేవాడు తాడును ముక్కు దగ్గర పెట్టుకుంటే, పట్టేవాడు మూడుసార్లు అడుగుతాడు, అమ్మ ఉందా అని. ఉంది అని మూడుసార్లు చెబితేనే తాడు వదులుతూ దించుతాడు.

అప్పుడు గూడెమంతా ఒకసారి తల తిప్పి అవతలి గట్టు వైపు చూస్తుంది. ముసలివాళ్ళు చూస్తారు, పిల్లలు చూస్తారు, దిగుతున్నవాడు కూడా చూస్తాడు.

తాడు పట్టినవాడు ఒక్కడే చూడడు.