రాగిపాడమ్మది ఏ ఊరు

డాక్యుమెంటరీ సినిమాలు తీసే వకుళగారికి ఒక అలవాటుంది. శిష్యురాలు ఏదైనా అడిగితే వెంటనే జవాబు చెప్పరు. పద, కెమెరా తీసుకో అంటారు. జవాబు దారిలో ఎక్కడో తగులుతుందని ఆవిడ నమ్మకం.

ఆ రోజు హిమజ అడిగిన ప్రశ్న చిన్నదేమీ కాదు. ఆనకట్ట కట్టడంతో ఊళ్లు మునిగినవాళ్ల మీద సినిమా తీస్తూ, అందులో మళ్లీ ఆడవాళ్ల కథే ఎందుకు వెతుక్కోవాలి? నీళ్లు ఆడామగా చూసుకుని రాలేదు కదా, అందరి ఇళ్లలోకీ ఒక్కలాగే వచ్చాయి కదా అంది. వకుళగారు నవ్వి, కెమెరా సంచి ఆమె భుజానికి తగిలించారు.

ఇద్దరూ వెళ్లింది మునిగిపోయిన వెదుళ్లపాలెం వాళ్లకు కట్టిచ్చిన కాలనీకి. అన్నీ ఒకే మూసలో పోసినట్టున్న ఇళ్లు. నీడ పట్టున నిలబడదామంటే ఓ చెట్టయినా లేదు. సత్తెయ్య అనే పెద్దాయన భార్య చేత కుర్చీ వేయించుకుని, కండువా సర్దుకుని, కెమెరా ఎదుట కూర్చున్నాడు. తాతలనాటి మామిడితోటల దగ్గర్నుంచి మొదలుపెట్టాడు. చక్కగా చెప్పాడు. కుర్చీ తెచ్చిన ఆమె గుమ్మంలోనే నిలబడిపోయింది. పేరు నూకరత్నం. ఆ పేరు ఎవరికీ అక్కర్లేదు. పుట్టింటి ఊరు రాగిపాడు గనక, కాపరానికొచ్చిన నాటి నుంచీ అందరికీ ఆమె రాగిపాడమ్మే.

ఆమెనూ ఒక మాట అడగమని వకుళగారు కంటితో సైగ చేశారు. హిమజ అటు తిరిగేలోపే సత్తెయ్య అడ్డుపడ్డాడు.

"దాన్నడిగితే ఏం తెలుస్తుందమ్మా? దానిది మా ఊరు కాదు కదా. నన్నడగండి."

చుట్టూ చేరిన మగవాళ్లు నవ్వారు. నలభై ఏళ్లు ఆ ఊరి బావి నీళ్లు మోసిన మనిషికి ఆ ఊరు సొంతం కాలేదట. పోనీ రాగిపాడు సొంతమా అంటే, పసుపుబట్టలతో సాగనంపిన నాడే అక్కడ చుట్టమైపోయింది. మనిషిగా పుట్టాక ఎక్కడో ఒకచోట సొంతం కావాలి కదా మరి? హిమజకు ఒళ్లు మండింది. కావాలనే ఆయన వైపు చూడకుండా, ఊరు వదిలిన రోజు గుర్తుందా అమ్మా అని ఆమెనే అడిగింది.

నూకరత్నం కొంగు అంచు పట్టుకుని ఎదురు ప్రశ్న వేసింది.

"ఏ ఊరు వదిలిన రోజండీ? మొదటిసారి మేళం పెట్టి పంపారు. రెండోసారి పోలీసుల్ని పెట్టి పంపారు. రెండుసార్లూ నన్నెవరూ అడగలేదండి. ఆ ఊళ్లోనే నా పిల్లల్ని కన్నాను. పురిట్లో పోయిన పిల్లని పెరట్లోనే పాతిపెట్టాం. ఇప్పుడు దాని మీద ఎన్ని నీళ్లున్నాయో ఏమో. అదీ ఆ ఊరిది కాదేమో, ఈయన్నే చెప్పమనండి."

నవ్వినవాళ్లు నేలచూపులు చూశారు. సత్తెయ్య కండువా మళ్లీ సర్దుకున్నాడు. కుర్చీలోంచి మాత్రం లేవలేదు.

హిమజ కెమెరా స్టాండును గుమ్మం వైపు తిప్పింది. నూకరత్నం ముఖం సరిగ్గా పడుతోందో లేదో చూసుకుని, ఇప్పుడు తెలిసిందండీ అన్నట్టు గురువుగారి వంక చూసింది. వకుళగారు వంగి తెరలోకి చూశారు. వెలుగు బాగుందన్నారు.

"కెమెరా తిప్పావు, మంచిదే. ఆవిడింకా నిలబడే ఉంది."