కొండముచ్చు పులివేషం

అనగనగా ఒక అడవి. ఆ అడవిలో ఒక ఆఫీసు. నవ్వకండర్రా! తప్పిపోయిన పిల్లలను తల్లుల దగ్గరికి చేర్చే ఆఫీసు అది. అంతకంటే పెద్ద పని ఏ ఆఫీసులో ఉంటుంది చెప్పండి?

దానికి పెద్ద కూర్మమ్మ అనే ముసలి తాబేలు. గుమ్మంలో కూర్చుని, వచ్చిన పిల్లలను లోపలికి పిలిచేది ముచ్చయ్య అనే కొండముచ్చు. ఆ అడవిలో జింకతల్లులు పిల్లలకు మొట్టమొదట నేర్పే మాట ఒకటుంది. "దారి తప్పితే నల్లమొహం మామయ్య దగ్గరికి పో. పసుపు ఒంటిమీద నల్లచారలు కనిపిస్తే మాత్రం వెనక్కి చూడకుండా పరిగెత్తు."

దసరా వచ్చింది.

"రేపు అందరూ వేషాలు వేసుకుని ఆఫీసుకు రండి" అంది కూర్మమ్మ. "మంచి వేషానికి పనసపండు బహుమానం. ఒక్కటే షరతు. మన గడప తొక్కిన పిల్ల మనల్ని చూసి బెదరకూడదు."

ముచ్చయ్య ఇంట్లో పూలదండ ఉంది, తలపాగా ఉంది. అవి పెట్టుకుంటే నన్నెవరు చూస్తారులే అనుకున్నాడు. ఒళ్ళంతా పసుపు పూసుకున్నాడు. బొగ్గుతో చారలు గీసుకున్నాడు. నల్లటి మొహం మీద కూడా పసుపు దట్టంగా మెత్తాడు.

"ఇదేం వేషంరా నాయనా? పోయి కడుక్కో" అంది కూర్మమ్మ, మర్నాడు గుమ్మంలో వాణ్ణి చూసి.

"పులివేషం లేకపోతే అది దసరా ఏంటమ్మా? ఈ ఒక్కపూటే కదా!" అన్నాడు ముచ్చయ్య.

పండగపూట తిట్టడం ఎందుకులే అని కూర్మమ్మ ఊరుకుంది. ఆమె తప్పూ ఉంది, నేను కాదనను.

మొదట ఒక కుందేలుపిల్ల వచ్చింది. గుమ్మంలో పులిని చూసి కొయ్యబారిపోయింది. ముచ్చయ్య పకపకా నవ్వాడు.

"నవ్వు నాలుగు విధాల చేటురా" అని ముచ్చయ్యతో చెప్పి, కూర్మమ్మ కుందేలుపిల్లను బుజ్జగించి లోపలికి తీసుకెళ్ళింది.

తర్వాత ముళ్ళపందిపిల్ల వచ్చింది. ముళ్ళన్నీ నిక్కబొడుచుకుని పొదలో దూరింది. దాన్ని బయటికి రప్పించేసరికి గంట పట్టింది. ఈసారి ముచ్చయ్య నవ్వలేదు. అయినా కడుక్కోలేదు. పనసపండు ఎవరికిస్తారో ఇంకా తేలలేదు మరి.

మూడోసారి వచ్చింది జింకపిల్ల. నల్లమొహం కోసం వెతుక్కుంటూ, అలిసిపోయి వచ్చింది పాపం. చారలు చూసింది. గిర్రున తిరిగి పరుగు తీసింది.

"ఆగమ్మా! నేను మామయ్యనే!" అంటూ ముచ్చయ్య వెంటపడ్డాడు.

పులి వెంటపడితే ఏ పిల్ల ఆగుతుంది? వాడు ఎంత గట్టిగా పిలిస్తే అది అంత వేగంగా పరిగెత్తింది. ఎదురుగా వాగు. వానలకు పొంగి పారుతోంది. జింకపిల్ల దూకేసింది. నీళ్ళలో చిన్న తల ఒక్కసారి పైకి లేచింది. మళ్ళీ లేవలేదు.

ముచ్చయ్య గట్టుమీద పడి ఏడ్చాడు. ఆ వాగులోనే ఒళ్ళూ మొహమూ కడుక్కున్నాడు. చేతులు కాలాక ఆకులు పట్టుకుంటే ఏం లాభం?

సాయంత్రం తల్లి జింక వచ్చింది. గుమ్మంలో నల్లమొహం చూడగానే ఆమెకు ప్రాణం లేచివచ్చింది.

"అన్నా, నా పాప లోపల ఉందిగా? దానికి అన్నీ నేర్పాను. నీ దగ్గరికే వచ్చి ఉంటుంది" అంది.

ముచ్చయ్య దాచలేదు. జరిగిందంతా చెప్పాడు.

"చారలు చూసి పరిగెత్తిందా?" అని అడిగింది తల్లి జింక.

"పరిగెత్తిందమ్మా."

"వెనక్కి చూడలేదా?"

"చూడలేదు."

"నేను చెప్పినట్టే చేసింది నా తల్లి" అంది. తర్వాత ఒక్కతే వాగువైపు నడిచి వెళ్ళింది.

పనసపండును ఎవరూ ముట్టలేదు. అది ఆఫీసులోనే కుళ్ళిపోయింది. ముచ్చయ్య ఇప్పటికీ రోజూ మొహం తుడుచుకుని గుమ్మంలో కూర్చుంటాడు. జింకపిల్లలు మాత్రం అటు రావు. తల్లులు వాటికి నల్లమొహం మామయ్య దగ్గరికి పొమ్మనే ఆ మాట నేర్పడం మానేశారు.

నీతి: పండగ మనదే అయినా, గుమ్మం మనల్ని నమ్మి వచ్చేవాళ్ళది, వాళ్ళను బెదరగొట్టే వేషం ఒక్కపూటకైనా వేయకూడదు.